తలకిందులుగా నిలబెట్టిన గవర్నర్

ఎనిమిదేళ్లుగా ఒక చిన్న మాట నా గొంతులో అడ్డం పడి ఉంది. "కాదు" అన్న మాట. ఆ రోజు ఆ ఒక్క మాట అని ఉంటే ఒక మనిషి బతుకు మరోలా సాగేది. అనలేదు. ఎందుకు అనలేదో నాకు తెలుసు. తెలియనట్టు నటించడంలోనే ఇన్నేళ్లు గడిచాయి. మీరెవరో నాకు తెలియదు. నా పేరు మీకు చెప్పను. ఈ ఏర్పాటులో పిరికితనం ఉందని ఒప్పుకునే మొదలుపెడుతున్నాను.

నేను జర్మనీలోని లైప్‌జిగ్‌లో ఉంటాను. ప్రాచీన రోమ్ శాసనాలు చదవడం నా వృత్తి. లెక్క తప్పని మనిషినని పేరు. తేదీ వేయకుండా డైరీలో ఒక్క ముక్క రాయను. నా సిద్ధాంత గ్రంథం ఒక రోమన్ గవర్నర్ జీవితం మీద. రైన్ నది తీరంలోని రాష్ట్రాన్ని ఏలినవాడు. అతని గురించి లోకంలో మిగిలింది ఒకే శాసనం, అదీ రెండు ముక్కలుగా. ఒక ముక్క మీద గవర్నర్ పదవి. రెండోదాని మీద ధాన్యం పంపిణీ, రహదారుల పర్యవేక్షణ వంటి చిన్న కొలువులు. మధ్యభాగం దొరకలేదు. పేరూ దొరకలేదు. గవర్నర్ ముక్క పై అంచు చెరిగిపోయి ఉంది. పేరు ఉండాల్సిన చోటు అదేనని, చక్రవర్తి ఆగ్రహించి దాన్ని చెక్కించేశాడని నేను నిర్ధారించాను. పేరు శాసనం మొదట్లోనే ఉంటుంది కాబట్టి ఆ ముక్కను పైన పెట్టాను, రెండోదాన్ని కింద. అప్పుడు కథ తనంత తానే తయారైంది: గవర్నర్ గిరీ పోగొట్టుకుని చిన్న కొలువులకు దిగజారిన అధికారి. ఏ వయసులో ఏ మెట్టు దిగాడో కూడా లెక్క కట్టాను. పుస్తకం వచ్చింది. పేరు వచ్చింది. విశ్వవిద్యాలయంలో శాశ్వత ఉద్యోగం వచ్చింది. రైన్ ఒడ్డున ఒక చిన్న ఊరి మ్యూజియంలో ఆ ముక్కలను నేను చెప్పిన వరుసలోనే గోడకు బిగించారు.

ఆ తర్వాత మా విభాగానికి యూసుఫ్ వచ్చాడు. హైదరాబాద్ వాడు. వయసులో నాకంటే కొంచెం చిన్న. లాటిన్ నాకంటే బాగా వచ్చు, ఆ సంగతి అతడికీ తెలుసు. తాత్కాలిక ఒప్పందం మీద పని. అది పొడిగిస్తేనే వీసా. దానికోసం ఏటా పై అధికారులతో పోట్లాడేది మా వృద్ధ ప్రొఫెసర్. ఆయనకు యూసుఫ్ అంటే ప్రాణం.

మ్యూజియం గోడకు రంగు వేయడానికి ఆ ముక్కలను దించినప్పుడు మేమిద్దరం వెళ్లాం. యూసుఫ్ వాటిని వెనక్కి తిప్పి చూశాడు. రాతిలో ఒక ఎర్రటి చార ఏటవాలుగా పోతోంది. ముక్కల వరుస మారిస్తేనే ఆ చార ఒకే దారిలో సాగుతుంది. చెరిగిన అంచు మీద ఉలి దెబ్బలు లేవు; తర్వాతి కాలంలో ఎవరో ఆ ముక్కను గడపరాయిగా వాడుకున్నారు, కాళ్ల కింద అరిగింది. అంటే గవర్నర్ దిగజారలేదు. చిన్న కొలువులతో మొదలై, ఒక్కో మెట్టే ఎక్కి, గవర్నర్‌గా ముగించాడు.

"అక్కా, గవర్నర్ సాబ్‌తోని శీర్షాసనం ఏపిచ్చినవ్ గదా!" అన్నాడు యూసుఫ్.

నేనూ నవ్వాను. వ్యాసం రాయమన్నాను. పెద్దమనసు చూపించానని నా మీద నాకే మెప్పు కలిగింది.

అతడు రాసి ఒక పత్రికకు పంపాడు. ఆ రాయి గురించి తెలిసిన మనిషినని, అభిప్రాయం చెప్పమని పత్రిక దాన్ని నాకే పంపింది. పరిశీలకుల పేర్లు రచయితకు చెప్పరు. నేను తప్పుకోవచ్చు. తప్పుకోలేదు. ఆ ఎర్ర చారను కళ్లారా చూశాను, వేలితో తడిమాను; అయినా ఆధారం నమ్మదగినది కాదని, రచయితకు రాళ్లతో అనుభవం లేదని రాశాను. నా వాక్యాలని గుర్తుపట్టకుండా, ప్రొఫెసర్ తరం వాళ్లు రాసే పాతకాలపు జర్మన్‌లో రాశాను. ఎందుకు ఆ పాత భాష? నన్ను దాచుకోవడానికేనా? ఇంకొకరిని ముందుకు నెట్టడానికా? అప్పుడు ఈ ప్రశ్న వేసుకోలేదని చెప్పగలను. వేసుకోకుండా జాగ్రత్తపడ్డానంటే నిజానికి ఇంకాస్త దగ్గరగా ఉంటుంది.

పత్రిక నా నివేదికను జతచేసి వ్యాసాన్ని తిప్పి పంపింది. అది అందగానే యూసుఫ్ మా ఇంటికి వచ్చాడు. వంటింట్లో నిలబడే నివేదికను పైకి చదివాడు. నా వాక్యాలను అతడి గొంతులో విన్నాను.

"ఎవడై ఉంటడక్కా?" అన్నాడు. "రాళ్లతోని అనుభవం లేదంట! నేనేమన్న రాళ్లు కొట్టెటోన్నా?"

"వదిలేయ్ యూసుఫ్. ఇంకో పత్రిక చూద్దాం."

"ఈ జర్మన్ జూడు. తాతల జమానాది. ఇట్ల రాసెటోడు మన దగ్గర ఒక్కడే ఉన్నడు. ముసలాయనే గదా? చెప్పక్కా, ఆయనే గదా?"

"నాకేం తెలుసు? టీ తాగు, చల్లారిపోతోంది."

అతడు నివేదికను మడిచి జేబులో పెట్టుకున్నాడు. "నువ్వు కాదంటలేవు," అన్నాడు. "సమజైంది."

ఎవడు అని అడిగాడు. ఆ ప్రశ్న మగవాడినే వెతుకుతుంది. సిగ్గుతో చెబుతున్నాను, ఆ క్షణంలో నాకు ఊరట కలిగింది: అతడు అడిగిన మాటలో నేను లేను. వ్యాకరణం చాటున దాక్కున్న మనిషిని మీరెక్కడైనా చూశారా?

మర్నాడు యూసుఫ్ ప్రొఫెసర్‌కు ఒక ఉత్తరం రాశాడు. మనిషి మళ్లీ తలెత్తి చూడలేని ఉత్తరమట; అందులో నివేదిక ఊసే లేదట. ఆయన జవాబివ్వలేదు. ఆ ఏడాది పొడిగింపు కోసం పోట్లాడనూ లేదు. వీసా కార్యాలయంలో యూసుఫ్‌కు టెర్మిన్, అదే అపాయింట్‌మెంట్, దొరికేసరికి చూపించడానికి ఒప్పందమే లేదు. హైదరాబాద్ వెళ్లిపోయాడు. లాటిన్ వదిలేసి, కంప్యూటర్లు నేర్చుకుని, కొన్నేళ్లకు మళ్లీ వచ్చాడు. ఇప్పుడు మ్యూనిక్ దగ్గర ఒక కంపెనీలో పని. నాకంటే ఎక్కువే సంపాదిస్తున్నాడని ఎన్నోసార్లు నాకు నేను చెప్పుకున్నాను.

ప్రొఫెసర్ ఒకసారి మెట్ల దగ్గర నన్ను ఆపి, "ఆ అబ్బాయికి నేనేం అపకారం చేశాను?" అని అడిగారు. తెలియదన్నాను. ఆయన గొంతు ఆ మెట్ల దగ్గరే ఉండిపోయింది. అప్పటినుంచి నేను లిఫ్టులోనే వెళ్తున్నాను. ప్రతి ఈద్‌కు యూసుఫ్ నాకు సందేశం పంపుతాడు, ఆ రోజుల్లో తన దిక్కు నిలబడ్డది నేనొక్కదాన్నేనని. ఆ పండుగ దగ్గరపడుతుంటే నాకు ఫోన్ తాకాలంటే భయం.

పోయిన నెల ప్రొఫెసర్ చనిపోయారు. యూసుఫ్ రాశాడు: "ముసలాయన పోయిండంట గదా అక్కా. నేను మాఫ్ చేసిన. దిల్ హల్కా అయింది."

తప్పు చేయని మనిషిని క్షమించాడు. ఇప్పుడు నిజం చెబితే, అతడికి దక్కిన ఆ కాస్త తేలికనూ లాక్కున్నదాన్ని అవుతానా? ఈ ప్రశ్న ఎంత దయగా వినిపిస్తుందో చూడండి. నా పిరికితనం ఎప్పుడూ ఇంత మర్యాదగానే మాట్లాడింది.

ముక్కల వరుస మార్చమని, ఆ సంగతి కనిపెట్టింది యూసుఫ్ అని మ్యూజియానికి రాశాను. అది సులభంగానే అయింది. ఈ ఉదయం యూసుఫ్‌కు రాయడానికి కూర్చున్నాను. "నివేదిక విషయంలో పొరపాటు జరిగింది" అని రాసి, కొట్టేశాను. "నివేదిక నా ద్వారా పంపబడింది" అని రాసి, అదీ కొట్టేశాను. చివరికి ఇలా పంపాను: "ఆ నివేదిక రాసింది నేను. ఆయన కాదు. నువ్వు అడిగిన రోజు కూడా నేనేనని నాకు తెలుసు."

చదివాడు. చదివినట్టు ఫోన్‌లో గుర్తు పడింది. మాఫీ అడగలేదు నేను. అడిగితే మళ్లీ అతడి దగ్గర ఏదో తీసుకున్నట్టే. ఇంతకాలం నా తప్పును ఒక ముసలాయన మోశాడు, మోస్తున్నానని తెలియకుండానే పోయాడు. ఇప్పుడది నా మీదే ఉంది. బరువుగానే ఉంది. ఊపిరి మాత్రం ఆడుతోంది.