ఊరి పొద్దు, పట్నం పొద్దు

నాకు ఒక్క తాన కూసునుడు చాతగాదు. మా నాయిన ఉల్టా. పొద్దుగాల గడియారం ముందల కూసున్నడంటే, అమ్మ అన్నానికి పిలిచి పిలిచి యాష్టకొచ్చి కంచం అక్కడనే పెట్టేది. ఉద్యోగానికి స్కూల్ల లెక్కల సారు. కొత్తపేటల మా గల్లీవోళ్లు మాత్రం కాలం మంత్రగాడనేటోళ్లు.

ఆ గడియారం ఆయన చేసిందే. పాత గోడ గడియారానికి ఇంకో చక్రం బిగించి, స్కూటర్ బ్యాటరీకి రెండు బల్బులు పెట్టిండు. మంచి గడియల పచ్చది వెలుగుతది, వర్జ్యంల ఎర్రది. కాలానికి గుణముంటదని, దాన్ని కంటికి కనబడేటట్టు చేస్తనని ఆయన పట్టు. నేను సగం నమ్మేది, సగం నవ్వేది. లెక్కలు మాత్రం పక్కన కూసొని నేనే కట్టేది. మన్సూరాబాద్, హయత్‌నగర్ నుంచి గూడ జనం ముహూర్తాలకు వచ్చేటోళ్లు. మా లెక్కనే నల్లగొండ దిక్కునుంచి వచ్చి ఇక్కడ ఇండ్లు కట్టుకున్నోళ్లు ఊరి పంతులు పెట్టిన టైం పట్టుకొస్తే మండిపడేటోడు. తూర్పుకున్న ఊర్ల పొద్దు ముందుగాల పొడుస్తది, పట్నంల జర లేటు, గా తేడా తెల్వకుంట ముహూర్తమేందని తిట్టేటోడు.

నా పెండ్లి ఎల్బీనగర్ల ఫంక్షన్ హాల్ల పెట్టుకున్నం. ఉద్యమం జోరు మీదున్న రోజులు, ఎప్పుడు ఏ రోడ్డు బంద్ అయితదో తెల్వది. తెల్లారితే మూఢం, ఇగ నెల్ల తరబడి పెండ్లిండ్లు లేవు. పైగా ఈ సంబంధం పెండ్లికొడుకు పెద్దనాయినకు మొదటినుంచి ఇష్టం లేదు, ఏ సాకు దొరుకుతదా అని చూస్తుండె. నాకేమో ఆ పిలగాడు తప్ప ఇంకోడు వద్దు.

పెండ్లినాడే హైవే మీద వంటా వార్పు. పెండ్లికొడుకోళ్ల వ్యాను హయత్‌నగర్ కాడ ఆగిపోయింది. అంతకు ముందు అదే రోడ్డు మీద పొయ్యి రాజేసి, అడ్డమొచ్చిన కార్లోళ్లతోని లొల్లి పెట్టుకున్నదాన్ని నేనే. ఇప్పుడు పట్టుచీర కుచ్చిళ్లు చేతుల పట్టుకొని గేటుకూ గదికీ కాలుగాలిన పిల్లి లెక్క తిరుగుతున్న. తెలంగాణ రావాలె, గానీ ముందుగాల ఆ వ్యాను రావాలె అని మొక్కిన. ఫోన్ చేస్తే, కిచిడి తినిపిచ్చి గాని విడుస్తలేరన్నడు పెండ్లికొడుకు. నాకు ఒళ్లు మండింది.

మంటపం పక్కన నాయిన గడియారం ఉన్నది. అందరు చూస్తుండంగనే పచ్చ బల్బు వెలిగింది. జీలకర్ర బెల్లం పళ్లెంల అట్లనే ఉన్నది. బల్బు ఆరిపోయింది. కాసేపటికి వ్యాను వచ్చింది.

పెద్దనాయిన హాల్లకు వస్తనే ఆరిన బల్బు చూసిండు. గడియ దాటినంక కట్టిన తాళి మాకొద్దని, అందర్ని మళ్ల వ్యాను ఎక్కుమన్నడు. పెండ్లికొడుకు బతిమాలుతున్నడు, ఆయన వింటలేడు.

నాయిన లేచి నిలబడి, హాలంత వినపడేటట్టు అన్నడు: "బావా, నా లెక్కనే తప్పింది. మా ఊరి పొద్దు పట్టి చేసిన. పట్నం పొద్దుకైతే ముహూర్తం ఇప్పుడే."

చేత్తోనే చక్రం తిప్పిండు. పచ్చ బల్బు వెలిగింది.

ఆ లెక్క కట్టింది నేను. పట్నం పొద్దుకే కట్టిన. నోరు తెరవబోతుంటే నాయిన ఒక్క చూపు చూసిండు. జీలకర్ర బెల్లం మా తలల మీద పడ్డది.

ఊరందరికీ శకునం చెప్పిన బల్లి కుడితిల పడ్డదని గల్లీ గల్లీ నవ్వింది. సొంత బిడ్డ ముహూర్తమే తప్పు పెట్టుకున్నోడి కాడికి ఇంకెవరొస్తరు? నాకు కోపం ఆగలే. పెండ్లి అయిపాయె గదా, ఇప్పుడన్న నిజం చెప్పమని ఇంటికి పోయి కొట్లాడిన.

"లెక్క మంచిగుండి నువ్వు ఏడ్చుకుంట ఇంట్ల కూసుంటే, ఆ లెక్కను నేనేం చేసుకోవాలె బిడ్డా?" అన్నడు. బ్యాటరీ తీసి మళ్ల స్కూటర్‌కే పెట్టుకున్నడు.

తెలంగాణ వచ్చినంక నా కూతురికి అక్షరాభ్యాసం చేసినం. అత్తగారోళ్లు దిల్‌సుఖ్‌నగర్ల కోస్తానుంచి వచ్చిన సిద్ధాంతిగారితోని టైం పెట్టిచ్చిన్రు. నాయినను మాట వరసకు గూడ ఎవ్వరడగలే. ఆయన ఇస్త్రీ అంగీ తొడుక్కొని వచ్చి ఆఖరి కుర్చీల కూసున్నడు. పిల్ల బియ్యంల అక్షరాలు దిద్దినంక నేను పోయి పక్కన కూసున్న.

"టైం మంచిగ పెట్టిండమ్మా ఆయన," అన్నడు మెల్లగ. "నేను గూడ ఇంట్ల లెక్క కట్టి చూసుకున్న."