వాగు గట్టు మీద అవ్వ మంచం

మా పక్కింటి అవ్వ మొన్న పొద్దున పోయింది. దవాఖానకు తీసుకెళ్దామని ఆటో పిలిచాం, అది వచ్చేలోపే అంతా అయిపోయింది. ఎవరింట్లో ఏ కూరో గడప బయటినుంచే పసిగట్టి, ఉప్పు ఎక్కువైందని కూడా చెప్పేసే మనిషి. బాన్సువాడ శివారులో మా వాడ ఇవాళ నిలబడి ఉందంటే ఆ నోటి చలవే.

కిందటి వానాకాలం వాగు గట్టు తెగి మా వీధీ, ఎదుటి వీధీ మునిగాయి. నీళ్లు తగ్గేసరికి సగం ఇళ్లకు గోడల్లేవు. ఎదుటి వీధి వాళ్లు తాతల కాలంలో కోస్తా నుంచి వచ్చి స్థిరపడ్డ రైతులు. వరి కాపాడుకోవడానికి గండి కొట్టింది వాళ్లేనని మావాళ్లు, కాదు మీరేనని వాళ్లు. కర్రలు కూడా లేచాయి. గండి మాత్రం అలాగే ఉంది. అది పూడ్చకుండా ఏ గోడ లేపినా మళ్లీ వానకు పోయేదే. బిచ్కుందలో కిరాయి ఇల్లు చూద్దామన్నారు మా ఇంట్లో. నేను సంచి కూడా సర్దేశాను.

అవ్వ గట్టు మీద మంచం వేయించుకుంది. "నా చిన్నప్పుడు రజాకార్లు ఊరు కాలవెట్టిన్రు. మా నాయన బూడిద ఎత్తిపోసి గదే జాగల గోడ పెట్టిండు. మీరు నీళ్లకే ఉరుకుతరా?" అని అరిచింది. మట్టి తట్టలు అందించుకునే వరుసను తనే నిలబెట్టింది. మావాడొకడు, పక్కన వాళ్లవాడొకడు.

ఎదుటి వీధి పెద్దాయన మొండికేశాడు. "ఏంటమ్మా ఇది? నిన్న నా మీదకి కర్రెత్తినోడి పక్కన నిలబడాలా?"

"పక్కకు నిలవడుమన్న గని, పిల్లనియ్యమన్ననా? తట్ట అందుకో!"

వరుసంతా నవ్వింది. ఆయన నవ్వలేదు గానీ తట్ట అందుకున్నాడు.

ఫోన్లో ఫొటోలు తీస్తున్న నన్ను చూసి, "సదువుకున్నోళ్లకు చేతులుండయా ఏంది బిడ్డా?" అంది. ఒళ్లు మండి నేనూ దిగాను. నా పక్కన ఆ పెద్దాయన కోడలు. తట్టలు విసురుగా ఆవిడ చేతుల్లోకి తోస్తున్నాను. చివరికి ఆవిడే, "కాస్త నిదానం అమ్మాయ్, వేళ్లు నలిగిపోతున్నాయి" అంది. ఆ తర్వాత మా నోళ్లు ఆగలేదు.

గండి పూడ్చాక పెద్ద వాన పడింది. రెండు వీధులూ గట్టు దగ్గరే ఉన్నాయి. వాగు ఎర్రగా, ఒడ్డును ఒరుసుకుంటూ పోతోంది. అవ్వ వంగి కొత్త మట్టి మీద అరచెయ్యి ఆనించి, అలాగే ఉండిపోయింది. మేమంతా ఆమె ముఖమే చూస్తున్నాం.

"కదుల్తలేదు. ఇగ పోండ్రి, గోడలు పెట్టుకోండ్రి" అంటూ లేచి, బురద చేతిని పక్కనున్న పెద్దాయన తెల్లపంచెకు తుడుచుకుంది.

ఆయన పక్కకు జరగలేదు.