ఎలిసియో దించిన శ్రుతి

మా సంప్‌డాగ్ బ్యాండ్ గురించి పత్రికలవాళ్ళు ఎప్పుడూ ఒకటే రాసేవారు: ఆల్బమ్ ఆల్బమ్‌కీ వీళ్ళ సంగీతం బరువెక్కుతోంది, చీకట్లోకి దిగుతోంది అని. చదివినప్పుడల్లా నాకు ఒళ్ళు మండేది. చీకటీ లేదు, గాడిదగుడ్డూ లేదు. అదంతా మా ఎలిసియో బర్రగాన్ చలవ.

ఎలిసియో పగలు బేకర్స్‌ఫీల్డ్‌లో టైర్లు బిగిస్తాడు, సాయంత్రం ఏడు తీగల గిటార్ వాయిస్తాడు. నేను డ్రమ్స్. పాడేది, అంటే అరిచేది, డెల్విన్. మొదటి ఆల్బమ్ డెల్విన్ వాళ్ళ గరాజ్‌లోనే చేశాం. వాళ్ళ నాన్న మీదున్న కోపమంతా అందులో కక్కేశాడు. రెండోదానిలో ర్యాప్ కలిపాం, రికార్డులు గీకే మనిషిని పెట్టుకున్నాం. ఊరూరా తిరిగి అరిచీ అరిచీ డెల్విన్ గొంతు పాడైంది. మూడో ఆల్బమ్ రిహార్సల్లో పై స్వరానికి వెళ్ళబోయి గొంతు చీలిపోయింది. మైకు కింద పెట్టేసి, బయటికి పోయి గట్టు మీద కూర్చున్నాడు.

మర్నాడు ఎలిసియో తీగలు కాస్త వదులు చేసి, శ్రుతి దించుకుని వచ్చాడు. డెల్విన్‌కి చెప్పొద్దని మా అందరిచేతా ఒట్టు వేయించుకున్నాడు. ఈసారి డెల్విన్ సునాయాసంగా అందుకున్నాడు.

"చూశారా? నా గొంతు ఇనుమురా!" అన్నాడు బర్రిటో నములుతూ.

"ఇనుమే మామా," అన్నాడు ఎలిసియో.

నాలుగో ఆల్బమ్‌కి ఇంకాస్త దించి, లావు తీగలు వేశాడు. ఐదోదానికి అవి పాత నులక మంచంలా వేలాడాయి. అభిమానులు మాత్రం ఆ బరువైన మోతకి ఆహా ఓహో అన్నారు. డెల్విన్‌కి గిటార్‌లో ఓనమాలు రావు, తన పాత పాటలు తను వినడు. గొంతు అంగుళం కూడా దిగలేదని ఊరంతా చెప్పుకు తిరిగేవాడు.

నిరుడు ఫెయిర్ గ్రౌండ్ వాళ్ళు మొదటి ఆల్బమ్ మొత్తం పాడమన్నారు. ప్రదర్శన దగ్గర పడ్డాక డెల్విన్ కూతురు వాళ్ళ ట్రక్కులో ఆ పాత డిస్క్ పెట్టింది. డెల్విన్ గొంతు కలపబోయాడు. అందలేదు. రిహార్సల్లో అదే పాట హాయిగా అందుకునేవాడు మరి. తిన్నగా టైర్ల షాపుకి వచ్చాడు. నేనక్కడే ఉన్నాను.

"ఎప్పట్నుంచి దించుతున్నావురా?" అన్నాడు.

"మూడోదాన్నుంచి," అన్నాడు ఎలిసియో, టైరు వదలకుండా.

"నేను గొప్పలు పోతుంటే చాటుగా నవ్వుకున్నారన్నమాట."

"నీ కోతలకి నవ్వాం గానీ నీ గొంతుకి ఎవడు నవ్వాడ్రా?" అని కస్సుమన్నాను నేను.

ఎలిసియో టైరు కింద పెట్టాడు. "ఆ రోజు గట్టు మీద కూర్చున్నావే, మళ్ళీ లోపలికి రావేమోనని భయమేసింది మామా. నువ్వు లేకపోతే నాకు వాయించబుద్ధి కాదు."

డెల్విన్ ట్రక్కెక్కి వెళ్ళిపోయాడు. తర్వాత ఫోన్ ఎత్తలేదు. బ్యాండ్ పని అయిపోయిందనుకున్నాను.

ప్రదర్శన రోజు మైదానం నిండిపోయాక వచ్చాడు, ఎవరి మొహమూ చూడకుండా. డెల్విన్ అడగకుండా ఇక దించేది లేదని ఎలిసియో గిటార్‌ని మొదటి ఆల్బమ్ శ్రుతికే బిగించి పెట్టాడు. తీగ మీటగానే డెల్విన్‌కి తెలిసిపోయింది. వచ్చి ఎలిసియో పక్కన నిలబడి, అందరికీ వినబడేలా మైకులోనే అన్నాడు:

"కాస్త దించు మామా. నా గొంతు అంత పైకి పోదు."

ఎలిసియో తీగలు బిగించే బిరడాల మీదికి వంగాడు. కళ్ళలో నీళ్ళు తిరిగి బిరడాలు సరిగ్గా తిప్పలేకపోయాడు. డెల్విన్ వాడి భుజం మీద చెయ్యి వేసి, శ్రుతి కుదిరేదాకా అలాగే నిలబడ్డాడు.