బంతి లేవందే బండి కదలదు

ఆ రోజుల్లో మా కంభంలో ఆకలి కూడా రైలు టైము చూసుకునే వేసేది. బొగ్గింజను స్టేషన్లో నీళ్లు పట్టుకునేలోపల జనం దిగి, కంచెకున్న చిన్న గేటు దాటి, ఎదురుగా మా మామ హోటల్లో నాలుగు మెతుకులు తిని మళ్లీ ఎక్కాలి. మామ అంటే మా అమ్మ తమ్ముడు. వానలు ఎగ్గొట్టిన ఏడాది ఎద్దుల్ని అమ్మేసి ఆ హోటల్ పెట్టాడు. ఎస్సెల్సీ తప్పి ఊరిమీద తిరుగుతున్న నన్ను వడ్డనకు పెట్టుకున్నాడు. (వడ్డనలో ఫెయిలవడం ఎవరి తరమూ కాదని మా నాయన నమ్మకం.)

మామ వంటకు వంక పెట్టలేం. హోటల్‌ని పెళ్లిపందిరిలా నడిపేవాడు, అదీ నా ఒళ్లుమంట. అందరినీ ఒకే బంతిలో, అంటే ఒకే వరసలో కూర్చోబెట్టేవాడు. బంతిలో పెద్దవాళ్లు చెయ్యి కడగకముందు ఎవరు లేచినా ఊరుకునేవాడు కాదు. "మామా, ఇది పెళ్లి కాదు, రైలు!" అని మొత్తుకునేవాణ్ణి. "రైలైతే ఏంది? పెద్దాయన తింటా ఉంటే లేస్తారా ఎవురన్నా? ఆయుష్షు తరుగుతుంది" అనేవాడు. (ఎవరి ఆయుష్షో చెప్పేవాడు కాదు.) మర్యాదకు కూర్చున్నవాళ్లు బండి తప్పి, పోయి స్టేషన్ మాస్టరు గదిముందు శాపనార్థాలు పెట్టేవారు. చివరికి ఆయన, "ఇంకొక్కసారి నీ బంతి వల్ల ఎవుడన్నా బండి తప్పినాడా, గేటుకు తాళమే" అన్నాడు. గేటు మూస్తే గోదాముల చుట్టూ తిరిగి అన్నానికి వచ్చే పిచ్చివాడెవడు? హోటల్ పోతే మామకు తిరిగి దున్నుకోవడానికి ఎద్దులు కూడా లేవు.

ఆ మర్నాడే మధ్యాహ్నం బండికి బంతి నిండింది. మధ్యలో పళ్లూడిన ముసలాయన ఒకడు. ఆయన పక్కన ఆ బండి గార్డే, పచ్చజెండా తొడకింద పెట్టుకుని! ఇంజను కూత వేసింది. గార్డు సగం లేచాడు. మామ గరిటె పట్టుకునే, "పెద్దాయన ఇంకా పప్పులోనే ఉండాడు, కూచో నాయనా" అన్నాడు. ఆ మహానుభావుడు కూర్చున్నాడు! ముసలాయన ముద్దను ఈ దవడ నుంచి ఆ దవడకు తీరిగ్గా పంపుతున్నాడు. "బండి పోతాంది, బిరీన తిను తాతా!" అని చెవిలో అరిచాను. "మజ్జిగెయ్యి" అన్నాడు. నాకు ఏడుపొచ్చింది.

స్టేషన్ మాస్టరు తాళం చేత్తో పట్టుకునే వచ్చాడు. "ఏందయ్యా ఇది! గార్డునే కూచోబెట్టినావా? ఎవుడా పెద్దాయన, లేపు ముందు!" అని గుమ్మంలోంచే గర్జించాడు.

ముసలాయన తలెత్తాడు. "ఏం అల్లుడా, బాగుండావా? చెప్పకుండా వచ్చినాను. అమ్మాయికి మళ్లీ పొయ్యి రాజేసే పని ఎందుకని ఈడే తింటా ఉండా."

తాళం జేబులోకి పోయింది. "నిదానంగా తినండి మామా" అన్నాడు మాస్టరు, బయట ఇంజను గొంతు చించుకుంటుంటే. మా మామ మాస్టరు చేతికి విసనకర్ర అందించాడు. ముసలాయన చెయ్యి కడిగాక బంతి లేచింది, ఆ తర్వాతే బండి కదిలింది. గేటు మాట మళ్లీ ఎవరూ ఎత్తలేదు.

ఆ హోటలూ పోయింది, మామా పోయాడు, నా పళ్లూ పోయాయి. ఇంట్లో అందరం కలిసే కూర్చుంటాం గానీ, నేను పప్పులో ఉండగానే మనవళ్లు చేతులు కడిగేసుకుంటారు. "యాడికిరా అంత తొందర, ఏ బండి తప్పుతుందని?" అని కసురుతాను. అంతలో, తాత చెవిలో అరిచిన ఆ కుర్రవాడు గుర్తొచ్చి నవ్వొస్తుంది. మజ్జిగ నేనే పోసుకుంటాను.