తవుడు జాడీ విడిచి రెండు రోజులు

ఇరవై అయిదో ఏట సుజుయో సురుఓకా ఊరికి కాపురానికి వచ్చింది. వచ్చిన మర్నాడే అత్త తోమె వంటింటి మూలనున్న తవుడు జాడీ చూపించింది. ఉప్పు కలిపిన ఆ తడి తవుడులో గుండ్రటి చిన్న వంకాయలు ఊరుతాయి. తవుడును రోజూ చేత్తో అడుగుదాకా కలపాలి. ఒకరోజు మానితే పులుస్తుంది. రెండు రోజులు మానితే బూజు పడుతుంది.

"మా అత్త కలిపింది, నేను కలిపాను. ఇక నీ వంతు" అంది తోమె.

ఆ తర్వాత సుజుయో ఒక్క రాత్రి కూడా బయట పడుకోలేదు. పుట్టింటికి వెళ్ళినా పొద్దుగూకేలోపు తిరిగొచ్చేది.

యాభై రెండో ఏట మోకాలి నొప్పికి డాక్టరు చెబితే ఊరి ఈతకొలనులో దిగింది. వెల్లకిలా తేలితే పైకప్పు తప్ప ఏమీ కనబడలేదు. ఎవరూ పిలవలేదు. నొప్పి తగ్గింది, ఈత మానలేదు. ఇంట్లో చెప్పలేదు. ఈత దుస్తులు తువ్వాలు వెనక ఆరేసేది.

అరవై ఒకటో ఏట దూరాన నీగాతా పట్నంలో పెద్దవయసువాళ్ళ ఈత పోటీలు వచ్చాయి. రెండు రోజులు. చెత్తబండి వచ్చే రోజులు రాసుకునే కేలెండరు మీద పెన్సిలుతో 'ఈత, నీగాతా' అని రాసింది. ఇంట్లో ముగ్గురూ రోజూ చూసే కేలెండరే. అయిదు రోజులు ఎవరూ నోరెత్తలేదు. భర్త కియోజి పేపరు మీంచి తల ఎత్తలేదు. ఆరో రోజు ఆమె రబ్బరు తీసింది.

"ఏం చెరుపుతున్నావే?" అంది తోమె.

"జాడీ ఉంది కదా అత్తయ్యా."

"తొమ్మిదేళ్ళుగా నీ చేతికి తవుడు వాసన కంటే కొలను నీళ్ళ బ్లీచింగ్ వాసనే ఎక్కువ. ఎనభై ఎనిమిదొచ్చినా నా ముక్కు పనిచేస్తోందిలే. ఒరేయ్ కియోజీ, పేపరు పక్కనపెట్టి చొక్కా చేతులు మడుచుకో."

"నేనా?"

"ఇన్నేళ్ళూ తిన్నది నువ్వు కాదూ?"

నీగాతాలో సుజుయో రెండు వందల మీటర్లు వెల్లకిలా ఈదింది. జాడీ అడుగునుంచి తవుడు తిరగేసిన చెయ్యే నీళ్ళను తిరగేసింది. గోడ తాకి పక్కకు చూసింది. మిగతావాళ్ళు ఇంకా వస్తున్నారు.

ఇంటికొచ్చి పతకం బల్ల మీద పెట్టింది. పక్కన వంకాయ ముక్కలు, ఒకటి లావు, ఒకటి సన్నం. కియోజి గోళ్ళలో తవుడు.

"ఉప్పెక్కువైందా?" అన్నాడు. ఆ ఇంట్లో తిండి గురించి అతను అడిగిన మొదటి మాట.

"ఎక్కువే" అంటూ ఆమె ఇంకో ముక్క తీసుకుంది. "రేపు కూడా మీరే కలపండి. నాకు ఈత ఉంది."