మా మూకుడు, వాళ్ల మరచెంబు

మా ఇంటాయన చీనా కూర వండుతున్నప్పుడు పక్కన ఎవరైనా కబుర్లు పెడితే నాకు ఒళ్లు మండేది. కోసుకోవడానికి గంట పడుతుంది గానీ, వండడం నాలుగు నిమిషాల పని. మూకుడు పొగలు కక్కాలి. నూనె, అల్లం, వెల్లుల్లి పడాలి. మాంసం రంగు తిరిగేలోగా క్యాబేజీ, బీన్సు, ఉల్లికాడలు పడిపోవాలి. చివర నల్ల సాస్ చుట్టూ పోసి దించేసి, వేడివేడిగా తినేయాలి. చల్లారిన చీనా కూర కుక్క కూడా ముట్టదనేవాడు ఆయన.

ఆ పని ఆయన రంగూన్‌లో ఒక చీనావాడి హోటల్లో నేర్చుకున్నాడు. గిన్నెలు కడగడంతో మొదలై, కత్తిపీట దాటి, పొయ్యి దగ్గరికి చేరడానికి ఏళ్లు పట్టింది. ఆ దేశం మమ్మల్ని పొమ్మన్నాక ఓడెక్కి వచ్చేశాం. సామాను పెద్దగా లేదు గానీ ఆ ఇనప మూకుడు మాత్రం ఒళ్లో పెట్టుకుని తెచ్చాడు. పాతపట్నం దగ్గర మా అత్తవారి పేటలో గుడిసె వేసుకున్నాం. రంగూన్‌లో చీనావాడు మా కులం ఏనాడూ అడగలేదు. ఇక్కడ అడగక్కర్లేదు, పేట పేరు చెబితే చాలు.

అరవైల చివర అక్కడ ఏటి మీద వంతెన కడుతుండేవారు. ఆయన రాళ్లు మోసే పనికి పోయేవాడు. అల్లం ముక్కని వెంట్రుకల్లా తరిగే చేతులు బొబ్బలెక్కి, పగిలి, ముద్ద కలపడానికి కూడా పనికిరాకుండా పోయాయి. అలాంటప్పుడు క్యాంపు మెస్సులో వంటవాడు మానేశాడు. ఓవర్సీరు మా సంగతి పెద్ద ఇంజనీరుకి చెప్పాడు. ఆ ఇంజనీరు కలకత్తాలో చదువుకున్నప్పుడు చీనా హోటళ్ల రుచి మరిగినవాడట. ఆదివారం మధ్యాహ్నం గొడ్డు మాంసంతో చేసి పెట్టమను, నచ్చితే మెస్సు పని అతనిదే అన్నాడట. మెస్సులో ఆ మాంసం వండితే గొడవ కనక మా ఇంటికే వస్తామన్నారు. పిల్లి కళ్లు మూసుకుని పాలు తాగడమంటే ఇదే. కానీ ఆ రోజు నాకు అలా తోచలేదు, మెస్సు పని ఒక్కటే కనపడింది.

మాతో ఓడలో వచ్చిన ఒకాయన విశాఖపట్నం నుంచి ఎప్పుడో పంపిన నల్ల సాస్ సీసాలో అడుగున కొంచెం ఉంది. తెల్లారకుండా లేచి మాంసం తెచ్చాను. నాలుగు నీళ్లు పోసి కడిగాను. ఆయన చెయ్యి కత్తి పట్టలేక, కోత నాకు అప్పజెప్పి పక్కన కూర్చుని సతాయించాడు.

"ఒలే, మాంసం పోగుకి అడ్డంగా కొయ్యాల. నిలువుగా కోస్తే జోళ్లు నమిలినట్టుంటాది."

"కోస్తన్నాను గదా మావా! నువ్వు పొయ్యి సూసుకో."

ముగ్గురొచ్చారు. పెద్ద ఇంజనీరు, చిన్న ఇంజనీరు, ఓవర్సీరు. విస్తరాకులు వాళ్లే తెచ్చుకున్నారు. ఓవర్సీరు చేతిలో నీళ్లు నింపిన ఇత్తడి మరచెంబు ఉంది. చేతులు కడుక్కోవడానికేమో అనుకున్నాను, నా తెలివి తెల్లారినట్టే ఉంది. మా ఆయన అరచేతులకి గుడ్డ చుట్టుకుని, సరుగుడు పుల్లలు ఎగదోసి మూకుడు ఊపాడు. దించీదించగానే విస్తళ్లలో పడింది. పెద్ద ఇంజనీరు రెండుసార్లు కాదు, మూడుసార్లు వేయించుకున్నాడు. కలకత్తాలో కూడా ఇలాంటిది తినలేదన్నాడు. మా ఆయన మొహం వెలిగిపోయింది.

అంతలో పెద్ద ఇంజనీరు కూరలోని పచ్చిమిరపకాయ కొరికాడు. కళ్లు, ముక్కు కారిపోతున్నాయి. మరచెంబు చూస్తే ఖాళీ. నేను మా కుండలోంచి గ్లాసుడు నీళ్లు ముంచి తెచ్చాను. వద్దని చెయ్యి అడ్డం పెట్టాడు. పొలమారి దగ్గుతూ కూడా వద్దన్నాడు.

ఓవర్సీరు నా దగ్గరకొచ్చి గొంతు తగ్గించాడు. "మీ ఇంట నీల్లు ఆల్లు ఎలాగ తాగుతారే? కులం సూడొద్దేటి?"

చెంబు పట్టుకుని పెద్దవీధి నూతి దగ్గరికి పరిగెత్తాడు. వాడు తిరిగొచ్చే దాకా ఆ పెద్దమనిషి మా కుండ పక్కనే నాలుక బయటపెట్టుకుని కూర్చున్నాడు. నాకు అరికాలి మంట నెత్తికెక్కింది. నువ్వు మూడుసార్లు వేయించుకున్న మాంసం ఏ నీళ్లతో కడిగాననుకున్నావురా? ఆ కుండ నీళ్లతోనే! అందామనుకున్నాను. మెస్సు పని గుర్తొచ్చి నోరు మూసుకున్నాను. అందుకు ఈ రోజుకీ నన్ను నేను తిట్టుకుంటాను.

నీళ్లు తాగాక పెద్ద ఇంజనీరు తీర్పు చెప్పాడు. "నీ చెయ్యి గొప్పదోయ్. కానీ మెస్సులో పదిమందీ తినాలి కదా. నాకేం పట్టింపు లేదు, వాళ్లు ఒప్పుకోరు. నీకు కాపలా పని ఇప్పిస్తాను. ఆదివారం ఆదివారం మేం ఇలా వస్తాం."

నాకేం పట్టింపు లేదట!

"సిత్తం బాబూ," అన్నాడు మా ఆయన.

వాళ్లు గడప దాటగానే ఆయన మీద పడ్డాను. "సిత్తమేటి సిత్తం? నీకు సిగ్గు నేదేటి మావా?"

"కాపలా పనైతే సేతులు బాగవుతాయి గదే," అన్నాడు. ఆ చేతులు చూసేసరికి కోపం ఇంకా పెరిగింది.

మళ్లీ ఆదివారం వచ్చారు. కాపలా పని సోమవారం నుంచి అన్నారు. విస్తళ్లు పరిచారు, మరచెంబు పక్కన పెట్టుకున్నారు. మాంసం కోసి సిద్ధంగా ఉంది, మూకుడు పొగలు కక్కుతోంది. నేను మూడు గ్లాసుల్లో మా కుండ నీళ్లు ముంచి, ఒక్కో విస్తరి ముందు ఒక్కోటి పెట్టాను.

"ముందు ఇయ్యి తాగండి బాబూ. తరవాత కూర వస్తాది."

ఓవర్సీరు గుడ్లురిమాడు. పెద్ద ఇంజనీరు మా ఆయన వైపు తిరిగి, "ఏమిటోయ్ ఇది? నీ పెళ్లానికి చెప్పుకో," అన్నాడు.

మా ఆయన నన్ను తిడతాడనుకున్నాను. చీనా కూర వండేవాడు మంట తగ్గితే ప్రాణం పోయినట్టు చేస్తాడు. అలాంటివాడు వంగి పొయ్యిలోంచి పుల్లలు ఒక్కొక్కటే బయటికి లాగాడు. అన్నీ లాగేసి, చేతులు దులుపుకుని నిలబడ్డాడు.

వాళ్లు లేచి వెళ్లిపోయారు. మర్నాడు కాపలా పని సరే, రాళ్ల మోతకి కూడా ఆయన్ని రావద్దన్నారు.

కానీ అది మర్నాటి మాట. ఆ మధ్యాహ్నం ఆయన పుల్లలు మళ్లీ పొయ్యిలోకి తోసి, నాకోసం వండాడు. పొయ్యి పక్కనే కూర్చుని తిన్నాం. అంత కారంలో ఆ మూడు గ్లాసుల నీళ్లూ మేమే తాగాం.