నా పాట, అన్న లెక్క

నేను జాజ్ పాడతాను, పాటలు కడతాను. మా బ్యాండు ప్రాక్టీసు నాచారంలో ఒక రేకుల షెడ్డులో. నానమ్మ నాట్లప్పుడు పాడిన వరసకు ఆఫ్రికా డప్పుల నడక కలిపి, ఏడు దెబ్బల తాళంలో ఆరు నెలలు కూర్చుని ఒక పాట కట్టాను. ఆ తాళం మా కీబోర్డు అన్నకు ఎప్పుడూ అందదు. నా చప్పట్లు చూస్తూ వాయిస్తాడు.

ఈ సాయంత్రం ఉప్పల్‌లో కచేరీ. అన్న మైకు అందుకుని, "ఈ పాట నేనే కట్టిన" అని ప్రకటించాడు. నేను చేతులు వెనక్కి కట్టుకున్నాను.

రెండో చరణానికే అతని వేళ్లు తడబడ్డాయి.

"చెల్లె, జర చప్పట్లు కొట్టు!" అన్నాడు గుసగుసగా.

"పాట నువ్వే కట్టినవ్ గదా అన్నా, నువ్వే లెక్కవెట్టు."

మూడో చరణానికి కీబోర్డు ఆగిపోయింది. ముందు వరసలో ఎవరో నవ్వారు. నేను కళ్లు మూసుకుని చివరిదాకా ఒక్కదాన్నే పాడాను.

కాన్వెంటులో సిస్టర్లు క్షమించడం నేర్పారు. నాకు ఆ సబ్జెక్టులో ఎప్పుడూ అత్తెసరు మార్కులే. మీరైతే చప్పట్లు కొట్టేవారా?